కోరానికి ఒకరు తక్కువ

పదకొండింటికి మొదలవ్వాల్సిన మీటింగు పదకొండూ ఇరవై అయినా మొదలవ్వలేదు. పొడుగాటి బల్ల చుట్టూ తొమ్మిది కుర్చీలు. నాలుగింటిలో మనుషులున్నారు. మిగతా ఐదింటి ముందు మూతలు పెట్టిన మంచినీళ్ల గ్లాసులు, ఎవరూ విప్పని ఫైళ్లు ఉన్నాయి. చైర్మన్ గోడ గడియారం చూశారు, చేతి గడియారం చూశారు, రెండూ ఒకే మాట చెప్పడంతో విచారణాధికారి వైపు తిరిగారు.

“ఇంకెవరైనా వస్తారామ్మా?”

“అందరికీ నోటీసులు వెళ్లాయి సార్.”

“వెళ్లాయి సరే. మనుషులు వస్తారా అని.”

ఆమె మినిట్స్ పుస్తకం దగ్గరికి లాక్కుంది. చట్టసభ సభ్యుల మీద వచ్చే ఫిర్యాదులు విచారించే ఎథిక్స్ కమిటీ అది. తొమ్మిదిమందిలో ఐదుగురు ఉంటేనే కోరం. నలుగురు కూర్చుని ఎంత గొప్ప విషయం మాట్లాడినా అది కబుర్ల కిందే లెక్క. ఈ కేసు ఇలా వాయిదా పడటం ఇది ఆరోసారి.

“పోనీ టీ అయినా తాగి వెళ్దాం” అన్నారు మాస్టారు. రాజకీయాల్లోకి రాకముందు ముప్ఫై ఏళ్లు బడిపంతులు. టీకి కోరం అక్కర్లేదు గనక నలుగురూ తాగారు. ‘కోరం లేనందున వాయిదా’ అని మినిట్స్ పుస్తకంలో రాస్తుంటే విచారణాధికారికి ఒళ్లు మండిపోయింది. ముందు పేజీలో, దాని ముందు పేజీలో ఉన్నదీ అదే వాక్యం, అదే చేతిరాత.

ఆమెకు యాభై రెండేళ్లు. సచివాలయంలో ఇరవై ఆరేళ్ల సర్వీసు. కాగితం చేతికిస్తే ముందు తేదీ, తర్వాత సంతకం, ఆ తర్వాతే విషయం చదువుతుంది. అందుకని వెనకాల అందరూ ఆమెను భూతద్దం అంటారు. అది ఆమెకు తెలుసు. మెచ్చుకోలే అనుకుని ఊరుకుంది.

కేసు చెప్పుకోవడానికి చిన్నది. ఫిర్యాదు చేసినవాడు ఒక స్టెనో, నలభై ఏళ్లవాడు. ఒక సభ్యుడి దగ్గర ఆరేళ్లు పనిచేశాడు. ఆ సభ్యుణ్ణి వరండాల్లో అందరూ రిబ్బన్ గారు అంటారు. కుట్టుమిషన్ల దుకాణం తెరిచినా, బస్ షెల్టర్‌కి రంగులేసినా, కత్తెర పట్టుకుని ఆయన హాజరు. సభలో మాత్రం అంత హాజరు కుదిరేది కాదు. పక్కగుమ్మం దగ్గర బల్లమీద ఉండే హాజరు పుస్తకంలో రోజూ సంతకం పెట్టాలి. “నా సంతకం నీకు వచ్చు కదా, పెట్టేయ్” అన్నాడు స్టెనోతో. అతను పెట్టాడు. ఒకటి కాదు, పద్నాలుగు రోజులు. పదిహేనోసారి పెట్టనన్నాడు. మర్నాడు ‘కార్యాలయ రహస్యాలు బయటికి చేరవేసిన కారణంగా’ అని రాసి ఉద్యోగంలోంచి తీసేశారు.

విచారణకు మొదటిసారి వచ్చినప్పుడు స్టెనో కుర్చీ అంచున కూర్చున్నాడు.

“పద్నాలుగుసార్లు పెట్టినవాడివి, పదిహేనోసారి ఎందుకు పెట్టలేదు?” అని ఆమె అడిగింది. ఇది అవతలి పక్షం ఎలాగూ అడిగే ప్రశ్న.

“మా పాప బళ్లో ప్రోగ్రెస్ కార్డు మీద నా సంతకం తనే పెట్టుకుంది మేడమ్. మార్కులు తక్కువొచ్చాయని. నేను కేకలేశాను. అది ఏడుస్తూ, సంతకమే కదా నాన్నా అంది. ఆ మర్నాడే సార్ మళ్లీ పెట్టమన్నారు. చెయ్యి రాలేదు.”

“నువ్వు పెట్టిన పద్నాలుగూ నీకు కూడా తప్పే అవుతాయి. తెలుసా?”

“తెలుసు. అవి కూడా రాయండి. కానీ నేను రహస్యాలు అమ్ముకోలేదు మేడమ్. ఆ ఒక్క ముక్క పట్టుకుని ఎక్కడికెళ్లినా ఉద్యోగం ఇవ్వట్లేదు. ఆ మాట అబద్ధమని ఎక్కడైనా ఒక్క లైను రాసుంటే చాలు.”

ఆ ఒక్క లైను కోసం పదకొండు నెలలు పట్టింది. చేతిరాత నిపుణుడు నాలుగు నెలలు కాగితాలు దగ్గర పెట్టుకుని ‘కచ్చితంగా చెప్పలేం’ అని రెండు ముక్కలు రాసి పంపాడు. హాజరు పుస్తకం బల్ల దగ్గరుండే ఉద్యోగి తనకు ఎడమ కన్ను సరిగా కనిపించదన్నాడు. సంతకాలు కుడివైపు కదా పెడతారని అడిగితే, మెడ కూడా పట్టేసిందన్నాడు. చివరికి సాక్ష్యం రిబ్బన్ గారే అచ్చేసి ఇచ్చారు. ఐదేళ్ల సేవ అంటూ ఆయన పంచిపెట్టిన రంగుల పుస్తకంలో ప్రతి ఫొటో కిందా తేదీ ఉంది. విచారణాధికారి ఆ పుస్తకాన్నీ హాజరు పుస్తకాన్నీ పక్కపక్కన పెట్టుకుని ఒక ఆదివారమంతా కూర్చుంది. పద్నాలుగు రోజుల్లో పదకొండు రోజులు ఆయన రాజధానికి రైల్లో ఒక పగలూ రాత్రీ పట్టే దూరంలో కత్తెర పట్టుకుని నవ్వుతూ ఉన్నాడు.

రిపోర్టు రాసింది. ముప్ఫై రెండు పేజీలు. స్టెనో అడిగిన లైను ఇరవై తొమ్మిదో పేజీలో ఉంది. కమిటీ ఆమోదించి సంతకాలు చేస్తేనే అది రిపోర్టు. లేకపోతే ముప్ఫై రెండు తెల్లకాగితాలు ఖరాబైనట్టే.

ఇంటికెళ్తే భర్త చెప్పులు విప్పనివ్వకుండానే అడిగేవాడు. ఆయన బళ్లో డ్రాయింగు చెబుతాడు. “కుదిరిందా కోరం?”

“మీరొకరు తయారయ్యారా?”

“అది కాదే, తొమ్మిదిమందిని ఒక గదిలో కూర్చోబెట్టలేరా? నేను రోజూ యాభైమందిని కూర్చోబెడుతున్నాను.”

“మీ పిల్లలకి పక్కవాడి తప్పు బయటపెట్టాలంటే సరదా. వీళ్లకి భయం. రేపు తమ వంతు వస్తుందేమోనని.”

ఆరో వాయిదా తర్వాత పది రోజులకు, ఒక గురువారం ఉదయం, సెక్షన్లో అడుగుపెట్టగానే చైర్మన్ దగ్గర్నుంచి ఫోను.

“విన్నారామ్మా? రిబ్బన్ గారికి ఓడరేవుల బోర్డులో పదవి ఇచ్చారట. ఇవాళ మధ్యాహ్నం రాజీనామా.”

ఆమె చేతిసంచి ఇంకా భుజం మీదే ఉంది. సభలోంచి వెళ్లిపోయిన మనిషి మీద కమిటీకి అధికారం ఉండదు. స్పీకర్ కార్యాలయం కౌంటర్లో రాజీనామా లేఖ మీద స్టాంపు పడిన నిమిషంలో ఫైలు మూసేయాలి.

“ఎన్నింటికి సార్?”

“మూడింటికట. ఫొటోగ్రాఫర్లు అప్పటికి గానీ రారట. ఇక చేసేదేముందమ్మా? ఆయనే వెళ్లిపోతుంటే మనకెందుకు?”

ఆమెకు చిర్రెత్తుకొచ్చింది. “వెళ్లేది ఆయన సార్. ఇక్కడ మిగిలిపోయేది ఆ స్టెనో. అత్యవసరమైతే రెండు గంటల ముందు రాతపూర్వకంగా నోటీసిచ్చి మీటింగు పెట్టొచ్చని రూల్ ఉంది. ఒంటిగంటన్నరకి పెట్టండి. మీ సంతకం చాలు.”

అవతల చైర్మన్ నిట్టూర్చడం వినిపించింది. “మీరు పట్టుకుంటే వదలరు కదా. పంపండి, పెడతాను.”

పావుతక్కువ పదకొండుకల్లా తొమ్మిది నోటీసులు బయల్దేరాయి. ఎప్పుడూ వచ్చే నలుగురూ వస్తామన్నారు. కావలసింది ఐదోమనిషి. మిగిలిన ఐదుగురిలో ఒకాయన విదేశాల్లో ఉన్నాడు. ముగ్గురు రిబ్బన్ గారికి జిగిరీ దోస్తులు. వాళ్లని నేరుగా కలుద్దామని ఆమె కాళ్లకు బలపం కట్టుకుని తిరిగింది. మొదటాయన నడుం నొప్పి అన్నాడు, అంటూనే లేచి నిలబడి గుమ్మం దాకా సాగనంపాడు. రెండో ఆయన నియోజకవర్గం నుంచి జనం వచ్చారన్నాడు, గదిలో ఆయనా ఫ్యానూ తప్ప ఎవరూ లేరు. మూడో ఆయన నిజాయితీపరుడు. “వెళ్లిపోయేవాడి మీద బురదెందుకమ్మా? నేను రాను” అని మొహం మీదే చెప్పేశాడు.

ఇక మిగిలింది నర్సమ్మ. ఇరవై ఏళ్లు ప్రభుత్వాసుపత్రిలో నర్సుగా చేసి, ఎన్నికల్లో గెలిచి వచ్చిన మనిషి. కమిటీలో పేరుంది గానీ ఒక్క మీటింగుకీ రాలేదు. ‘నోటీసు అందింది, గైర్హాజరు’ అని ఆరుసార్లు రాసిన విచారణాధికారి, రాసినప్పుడల్లా మనసులో ఆవిణ్ణి తిట్టుకుంది కూడా.

స్పీకర్ కార్యాలయం మీదుగా వెళ్తుంటే కౌంటర్లోని క్లర్కు పిలిచాడు. వచ్చే కాగితాలకు నంబరు వేసి, టైము రాసి, స్టాంపు కొట్టడం అతని పని. ఆమెకు పాతికేళ్లుగా తెలుసు. వాళ్లన్నయ్య ఆమె బ్యాచ్.

“అక్కా, విన్నాను. కంగారుపడకండి. స్టాంపు ప్యాడ్ ఎండిపోయిందంటాను. కొత్తది స్టోర్స్ నుంచి తెచ్చేసరికి సాయంత్రం నాలుగు. మీ మీటింగు నిదానంగా చేసుకోండి.”

ఆమె ఆగిపోయింది. ఎంత తేలిక! ఒక్క గంట. ఎవరికీ తెలియదు. ఎవరికీ నష్టం లేదు. స్టెనో మొహం కళ్లముందు మెదిలింది. “సరే” అనే మాట నాలిక చివర దాకా వచ్చింది కూడా.

“హాజరు పుస్తకంలో దొంగ సంతకాలు పెట్టించాడని ఒకడి మీద రిపోర్టు పెడుతున్నాను” అంది చివరికి. “దానికోసం నీ పుస్తకంలో దొంగ టైము రాయించమంటావా?”

“మంచికే కదక్కా.”

“ఆ మాట అనుకునే అతనూ పద్నాలుగుసార్లు పెట్టుంటాడు. లేఖ ఎప్పుడొస్తే అప్పుడే స్టాంపు కొట్టు. ప్యాడ్ ఎండిపోయుంటే ఇప్పుడే మార్చుకో.”

అనేసి నడిచింది గానీ, మెట్లు దిగుతున్నంతసేపూ తనని తనే తిట్టుకుంటూ దిగింది.

నర్సమ్మ గది రెండో అంతస్తులో రెండొందల ఎనిమిది. తలుపు తీస్తే అందులో మనుషులు లేరు. విరిగిన కుర్చీలు, పాత ఎయిర్ కూలర్, గోడవారగా కట్టలు కట్టిన గెజెట్లు. తలుపు కింద నుంచి తోసిన కవర్లు నేలమీద పడున్నాయి. వంగి తీసింది. అన్నీ తన సెక్షన్ కవర్లే. ఏడు. పైనున్నది ఈ ఉదయంది.

వరండా తుడుస్తున్న ఆయాను అడిగింది. “ఈ మేడమ్ గారు ఇక్కడ ఉండరా?”

“ఆవిడ అనెక్స్‌కి, ఆ వెనక బిల్డింగుకి మారి ఏడాది దాటిందమ్మా. ఇక్కడ వాన కారుతుంది కదా.”

విచారణాధికారి ఆ ఏడు కవర్లూ ఒక్కొక్కటే తిప్పి తేదీలు చూసింది. ఏడాదిపాటు కాగితాల్లో అందరి తప్పులూ వెతికిన మనిషి సొంత సెక్షన్ చిరునామా పుస్తకం ఒక్కసారి తెరిచి చూసుకోలేదు. అందింది అని ఎవరో ప్యూను రాస్తే, తనూ అలాగే ఎత్తి రాసింది. కవర్లు సంచిలో కుక్కుకుంది. అప్పటికి ఒంటిగంటా ఇరవై.

అనెక్స్‌లో నర్సమ్మ కిటికీ పక్కన కూర్చుని ఎవరిదో ఉత్తరం చదువుతోంది. విచారణాధికారి రొప్పుతూనే మొత్తం చెప్పింది. కేసు, రాజీనామా, కవర్లు, అన్నీ.

నర్సమ్మ కళ్లజోడు తీసింది. “ఏడాదిగా నన్ను ఏ కమిటీకీ పిలవట్లేదేమిటా అనుకుంటున్నాను. నర్సుకి ఏం తెలుసులే అని పక్కన పెట్టారనుకున్నాను.”

“తప్పు మాదేనమ్మా. నాదే. నేను మిమ్మల్ని తిట్టుకున్నాను కూడా.”

“ఏమని?”

“చెప్పలేనమ్మా.”

నర్సమ్మ ఫక్కున నవ్వి చెప్పుల్లో కాళ్లు దూర్చింది. నోటీసు ఆలస్యంగా అందినా తనకు అభ్యంతరం లేదని రెండు లైన్లు అక్కడే రాసి సంతకం చేసింది.

ఇద్దరూ పరుగులాంటి నడకతో కమిటీ గదికి చేరేసరికి ఒంటిగంటా నలభై. చైర్మన్ ఉన్నారు. సభ్యుల్లోనే ఒకరైన ప్లీడరు గారున్నారు. ఎప్పుడూ ఫోను చెవికి ఆనించుకునుండే కుర్ర సభ్యుడున్నాడు. మాస్టారు లేరు.

“ఇప్పటిదాకా ఇక్కడే ఉన్నారమ్మా” అన్నారు చైర్మన్. “ఎలాగూ ఐదోవాళ్లు రారు, గడ్డం చేయించుకొస్తానని వెళ్లారు.”

విచారణాధికారికి ఏడుపూ నవ్వూ ఒకేసారి తన్నుకొచ్చాయి. ఐదోమనిషిని లాక్కొచ్చేసరికి నాలుగోమనిషి మాయం! సభ్యుల సెలూన్ కింది అంతస్తులో ఉంది. మళ్లీ పరుగు. మాస్టారు కళ్లు మూసుకుని కుర్చీలో వెనక్కి వాలి ఉన్నారు. కుడి చెంప నున్నగా ఉంది. ఎడమ చెంప నిండా నురగ.

“మాస్టారూ, ఐదుగురయ్యాం!”

“ఒక్క రెండు నిమిషాలు...”

“రెండు నిమిషాలకి మళ్లీ ఎవరు పోతారో నాకు తెలీదు. లేవండి మీరు.”

ముప్ఫై ఏళ్లు పిల్లల్ని లేవమన్న మాస్టారు మారుమాట్లాడకుండా లేచారు. నురగ తుడుచుకుంటూ సగం గడ్డంతోనే మెట్లెక్కారు. రెండింటికి ఐదు నిమిషాల ముందు, పదకొండు నెలల్లో మొదటిసారి, కోరం కుదిరింది.

అక్కడితో అయిపోలేదు. ప్లీడరు గారు ఇరవై తొమ్మిదో పేజీ దగ్గర ఆగారు. “‘తొలగింపు ఉత్తర్వులోని ఆరోపణ అబద్ధం’ అన్నారు. అబద్ధం అనేది ఘాటైన మాట. ‘నిరూపణ కానిది’ అందాం.”

“రెండూ ఒకటి కాదు సార్” అంది విచారణాధికారి. “నిరూపణ కాలేదంటే, చేశాడేమో కానీ దొరకలేదని అర్థం. రహస్యమనే కాగితం ఒక్కటి కూడా ఆ ఆఫీసులోంచి పోలేదు. ఏ కాగితం పోయిందని ఆయన్నే లిఖితపూర్వకంగా అడిగాను. జవాబు లేదు.”

“అయితే ‘వాస్తవ దూరం’ అందామా?”

“‘సరికానిది’ అంటే సరిపోతుందేమో” అన్నారు మాస్టారు.

ఆ ఒక్క మాట మీద ఇరవై నిమిషాలు నడిచింది. గడియారం ముల్లు కదులుతుంటే విచారణాధికారి చేతులు బల్ల కింద పెట్టుకుని వేళ్లు నొక్కుకుంటూ కూర్చుంది. అధికారికి ఓటు లేదు. అడిగితేనే మాట్లాడాలి.

నర్సమ్మ అప్పటిదాకా రిపోర్టు చదువుతూనే ఉంది. చివరి పేజీ తిప్పి తలెత్తింది. “అయ్యా, నాకో సందేహం. ఆసుపత్రిలో మేం చార్టు రాసేటప్పుడు జ్వరం లేకపోతే లేదు అని రాసేవాళ్లం. ఉందని నిరూపణ కాలేదని రాస్తే డాక్టరు చీవాట్లు పెట్టేవాడు. ఆ అబ్బాయి రహస్యాలు అమ్మాడా, అమ్మలేదా?”

కుర్ర సభ్యుడు మొదటిసారి ఫోను బల్లమీద బోర్లించాడు. “అమ్మలేదు” అన్నాడు.

“మరి అది అబద్ధమే కదా. అలాగే ఉంచండి.”

ప్లీడరు గారు తన భిన్నాభిప్రాయం నమోదు చెయ్యమని, సంతకం మాత్రం చేశారు. ఐదు సంతకాలు. రెండూ నలభై రెండు.

కౌంటర్లో క్లర్కు రిపోర్టు తీసుకుని నంబరు వేసి, టైము రాశాడు. రెండూ నలభై ఎనిమిది. స్టాంపు కొడుతూ ఆమె మొహంలోకి చూడలేదు. అలిగినట్టున్నాడు. ఆమె రసీదు మడిచి సంచిలో పెట్టుకుంటుండగా వరండా చివర సందడి వినిపించింది. ముందు ముగ్గురు ఫొటోగ్రాఫర్లు వెనక్కి నడుస్తూ వస్తున్నారు. వాళ్ల వెనక రిబ్బన్ గారు తెల్లటి కవరు పట్టుకుని వస్తున్నాడు.

కౌంటరు దగ్గర ఆమెను చూసి ఆగాడు. “ఏమ్మా, వీడ్కోలు చెప్పడానికి వచ్చావా?”

“లేదు సార్. రిపోర్టు ఇవ్వడానికి. ఇప్పుడే ఇచ్చాను.”

నవ్వు మొహం మీద అలాగే ఉంది గానీ కళ్లు క్లర్కు ముందున్న పుస్తకం వైపు వెళ్లాయి. పై లైను చదివాడు. “ఐదుగురు వచ్చారా?” అని మెల్లగా అడిగాడు.

“వచ్చారు సార్.”

“సార్, ఇటు చూడండి” అన్నాడొక ఫొటోగ్రాఫరు. ఆయన ఇటు చూసి నవ్వాడు. అలవాటు.

తర్వాత జరిగింది పెద్దగా ఏమీ లేదు. రాజీనామా చేశాడు గనక శిక్షంటూ వెయ్యడానికి మనిషి సభలో లేడు. వీడ్కోలు సభలో ఆయన సేవల గురించి పదకొండుమంది మాట్లాడారు. రిపోర్టును సభ ముందు పెట్టిన వార్త పేపర్లో లోపలి పేజీలో, టైర్ల ప్రకటన పక్కన వచ్చింది. ఓడరేవుల బోర్డు నియామకం నెలన్నర ఆగి, తర్వాత ఏమీ ఎరగనట్టు జరిగిపోయింది. ఆ వార్త చదివిన రోజు విచారణాధికారి అన్నం ముందు కూర్చుని సగంలోనే లేచింది. భర్త ఆ కంచం మీద మూత పెట్టాడు.

స్టెనో తొలగింపు రద్దయింది. పద్నాలుగు దొంగ సంతకాలకు అతనికి రాతపూర్వకమైన మందలింపు పడింది. రెండేళ్లు ప్రమోషన్ లేదు. ఉత్తర్వు తీసుకోవడానికి వచ్చినప్పుడు రెండు కాగితాలూ చదువుకున్నాడు. ఇరవై తొమ్మిదో పేజీ నకలు మీద ఆ లైను దగ్గర వేలు పెట్టి రెండుసార్లు చదివాడు.

“మందలింపు ఎక్కువైందా?” అని ఆమె అడిగింది.

“లేదు మేడమ్. పాపకి రెండూ చూపిస్తాను.”

అతను వెళ్లిన గంటకి ప్యూను ఒక కవరు తెచ్చి బల్లమీద పెట్టాడు. ఆమె పేరు మీదే. మెమో. ‘ఒక గౌరవ సభ్యురాలికి రెండు గంటల ముందు నోటీసు అందకుండానే కమిటీ సమావేశం జరిపించినందుకు మీ మీద చర్య ఎందుకు తీసుకోకూడదో వారంలోగా తెలియజేయగలరు.’ నడుం నొప్పి సభ్యుడు ఫిర్యాదు చేశాడట.

ఆమె తేదీ చూసింది, సంతకం చూసింది, తర్వాత విషయం చదివింది. “పదకొండు నెలలు కోరం లేకపోతే ఒక్కడూ అడగలేదు” అని పైకే అంది. పక్క బల్ల దగ్గరి గుమాస్తా, “నర్సమ్మ గారు అభ్యంతరం లేదని రాసిచ్చారు కదా మేడమ్. అది జతచేసి ఒక లైను రాసి పడేయండి, పోతుంది” అన్నాడు.

నిజమే, పోతుంది. ఆమె కాగితం తీసుకుని ఆ లైను రాసింది. పెన్ను మూత పెట్టబోయి ఆగింది. సొరుగులో కట్టి పెట్టిన కవర్లు బయటికి తీసింది. మెమో రాసినవాళ్లకి ఆ ఏడు కవర్ల సంగతి తెలియదు. నర్సమ్మకి తప్ప ఎవరికీ తెలియదు.

విసుగ్గా మళ్లీ మూత తీసింది. ఆ సభ్యురాలికి అంతకుముందు ఆరు సమావేశాల నోటీసులు కూడా పాత గదికే వెళ్లాయని, అవి అందాయో లేదో సరిచూసుకోకుండా అందినట్టు నమోదు చేసింది తానేనని, రికార్డుల్లో గైర్హాజరు అన్న ఆరు చోట్లా సవరించాలని రాసింది. కింద సంతకం చేసి, తేదీ వేసి, ఏడు కవర్లూ పిన్ను కొట్టి జతచేసింది.

“మేడమ్, అడక్కపోయినా ఇవన్నీ ఎందుకు?” అన్నాడు గుమాస్తా.

“నంబరు వేసి పంపించవయ్యా బాబూ” అంది ఆమె. “ఆ అనెక్స్ గది నంబరు కూడా పుస్తకంలో దిద్దు. ఇప్పుడే. నేను చూస్తుండగా.”